బాలమ్మకు తెలియని ఇల్లు

చిలకలగూడ గల్లీ ఖాళీ చేసిన రోజు బాలమ్మ ఎవరికీ చెప్పి రాలేదు. చెప్పొద్దన్నారు. పాతికేళ్లు బతికిన చోట ఎదురింటివాళ్లతో పోయొస్తామని ఒక్క మాటైనా అనకుండా, మధ్యాహ్నం అందరూ కునుకు తీసే వేళ చూసుకుని, మంచాలూ గ్యాస్ బండా తులసి కుండీ ట్రాలీ ఆటోలో పడేసుకుని దొంగల్లా బయటపడ్డారు. తప్పు చేసినవాడు దర్జాగా ఇంట్లో కూర్చోవడమూ, పడ్డవాళ్లు మొహం దాచుకుని పారిపోవడమూ! ఇదెక్కడి న్యాయమని బాలమ్మ ఆటోలో దారి పొడుగునా గొణుగుతూనే ఉంది.

సంగతేమిటంటే, వాళ్లు అద్దెకున్న ఇల్లు వేణుమాధవ్‌ది. కింద అతని జిరాక్స్ షాపు, దాని వెనక అతనూ తల్లి బుచ్చమ్మా. పైన రెండు గదుల్లో బాలమ్మ, కొడుకు లక్ష్మణ్, కోడలు సుకన్య, తొమ్మిదేళ్ల మనవరాలు. ఆ పాప పేరు ఈ కథలో ఉండదు. రాయకూడదని చట్టం చెబుతోంది, చెప్పకపోయినా రాసేది లేదు. షాపు వెనక గదిలో ఏం జరిగిందో కూడా ఇక్కడ ఎవరికీ అక్కర్లేదు. జరిగింది, అంతే. పాప మొదట నాయనమ్మకే చెప్పింది. నాయనమ్మ పాపను ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. కొడుకు డ్యూటీ నుంచి రాగానే చెప్పులు కూడా విప్పనివ్వకుండా పోలీస్ స్టేషన్‌కు నడిపించింది. ఆడపిల్ల బతుకు, పరువు, గల్లీలోనే మాట్లాడుకుందాం అని నసిగిన పెద్దమనుషులను ఆమె తిట్టిన తిట్లు ఆ గల్లీకి ఇంకా గుర్తే.

వేణుమాధవ్‌ను జైల్లో పెట్టారు. ఇక పీడ విరగడైందని బాలమ్మ అనుకుంది. కాలేదు. చార్జిషీటు పడ్డాక అతను బెయిల్ అడిగాడు. పాప తరఫు మాట కూడా వినాలి కాబట్టి కోర్టు లక్ష్మణ్‌ను పిలిపించింది. పాపం, అతను రెండు చేతులూ కట్టుకుని నిలబడి "ఇవ్వొద్దు సార్" అన్నాడు. అంతకు మించి ఏం అడగాలో అతనికి తెలియదు. దర్యాప్తు ముగిసింది, ఇంతకుముందు కేసులు లేవు, సొంత ఇల్లుంది, పారిపోడు అని కోర్టు బెయిల్ ఇచ్చేసింది. వారం వారం స్టేషన్లో సంతకం పెట్టాలి, పాప దగ్గరికి గానీ ఇంటివాళ్ల దగ్గరికి గానీ పోకూడదు, ఎవరినీ పంపకూడదు అని షరతులు పెట్టింది. ఆ సొంత ఇంటి మేడ మీదే పాప ఉందన్న సంగతి ఎవరూ గట్టిగా చెప్పలేదు. అతన్నే వేరేచోట ఉండేలా చూడమని కోర్టును అడగవచ్చునని తరవాత తెలిసింది. అప్పటికే లక్ష్మణ్ సామాను కట్టేశాడు. పాపను ఆ షాపు ముందు నుంచి ఇంకొక్క రోజు కూడా నడిపించలేనన్నాడు.

కేసు పొడుగునా పాపకు తోడుగా ఉండడానికి పిల్లల సంక్షేమ కమిటీ పంపిన మనిషి పేరు డోరా. మెట్టుగూడ అమ్మాయి, సన్నగా, ఎప్పుడూ భుజాన బరువైన సంచీతో ఉంటుంది. బాలమ్మ మొదటిరోజే ఆమెతో తగువు పెట్టుకుంది.

"బెయిల్ అంటే వదిలేసినట్టు కాదమ్మా. కేసు నడుస్తది. పాప కోర్టులో తన నోటితో చెప్పాలి, అదే మెయిన్ సాక్ష్యం. అప్పటిదాకా పాపను మనం కాపాడుకోవాలి," అంది డోరా.

"కాపాడేటిది మనమైతే మరి మీ కోర్టు ఎవల్ని కాపాడుతున్నది బిడ్డా?"

డోరా నవ్వలేదు, కోపం తెచ్చుకోలేదు. సాక్షుల రక్షణ కమిటీకి తనే దరఖాస్తు రాయించింది. పోలీసులు వచ్చి విచారించుకుని, ప్రమాదం ఉన్నమాట నిజమేనని రిపోర్టు ఇచ్చారు. అల్వాల్లో ఒక ఇల్లు, కొత్త బడి, కొత్త ఫోన్ నంబర్లు ఏర్పాటయ్యాయి. అప్పుడప్పుడు ఒక కానిస్టేబుల్ వచ్చి చూసిపోయేవాడు. చుట్టాలకు కూడా ఇల్లు చెప్పకూడదన్నారు. నేరేడ్‌మెట్‌లో ఉన్న సొంత తమ్ముడు బిక్షానికి కూడా బాలమ్మ చెప్పలేదు. అంత నిష్ఠగా ఉంది మనిషి.

ఇన్ని మార్చినా పాప మారలేదు. అన్నం ముందు కూర్చుంటే ముద్ద నోటిదాకా పోదు. తలుపు చప్పుడైతే మంచం కిందికి దూరుతుంది. కౌన్సెలింగ్ డాక్టరమ్మ బొమ్మలు వేయించింది, ఆడించింది, టైమ్ పడుతుందని చెప్పింది. టైమ్ ఎక్కడిది? కోర్టులో చెప్పాల్సిన రోజు దగ్గరికొస్తోంది. డోరా వచ్చి అడిగితే పాప గోడకేసి చూస్తుంది. పాప నోరు విప్పకపోతే కేసు నిలవదని, అతను తల ఎగరేసుకుని కేసులోంచి బయటపడతాడని ఇంట్లో అందరికీ తెలుసు. ఎవరూ పైకి అనరు.

బాలమ్మ లెక్క వేరు. పిల్లకు భయం పట్టింది. భయానికి మందు డాక్టర్ల దగ్గర ఉండదు, మసీదు దగ్గర ఉంటుంది.

ఇందులో వింతేం లేదు. సికింద్రాబాదులో పుట్టి పెరిగిన ఏ ముసలమ్మనైనా అడగండి. పిల్ల ఉలిక్కిపడినా, పాలు తాగకపోయినా, బేస్తవారం సాయంత్రం నమాజు విడిచే వేళకు మసీదు గేటు బయట ఎత్తుకుని నిలబడతారు. మీదే మతమని అడిగేవాడు లేడు. లోపల్నుంచి వచ్చే ప్రతి మనిషీ ఆగి, పెదవులు కదిపి, పిల్ల ముఖాన ఒక్క ఊపిరి ఊది తన దారిన పోతాడు. లక్ష్మణ్‌కు చిన్నప్పుడు అక్కడే ఊదించింది. పాపకు నెలల వయసులో నిద్ర పట్టకపోతే అక్కడే. మసీదులు అల్వాల్లో లేవా అంటే, ఉన్నాయి. కానీ ఆమెకు గురి కుదిరింది చిలకలగూడ దగ్గరి మసీదు మీద. పాత డాక్టరును వదిలి కొత్త డాక్టరు దగ్గరికి ఎవరు పోతారు?

కొడుకూ కోడలూ పనికి పోయిన ఒక బేస్తవారం, బడి నుంచి రాగానే పాప తల మీద కొంగు కప్పి బయల్దేరింది. ఆధార్ కార్డు చూపిస్తే ఆడవాళ్లకు బస్సు ఉచితం. రైల్వే స్టేషన్ దగ్గర దిగి, గల్లీ తగలకుండా వెనక రోడ్డు మీదుగా నడిచింది. నేనేం తెలివితక్కువదాన్నా అనుకుంది.

గేటులోంచి మగవాళ్లు గుంపుగా రావడం చూసి పాప కొయ్యబారిపోయింది. నాయనమ్మ చీరను రెండు పిడికిళ్లతో పట్టుకుంది. ముందు వచ్చిన ముసలాయన దాన్ని గమనించాడు. ఒక్క క్షణం ఆగి, రెండడుగులు వెనక్కి జరిగి, అంత దూరం నుంచే ఊదాడు. వెనకొచ్చినవాళ్లూ ఆయన్ను చూసి అలాగే దూరంగా నిలబడి ఊదిపోయారు. ఏ ఒక్కరూ చెయ్యి చాపలేదు. బాలమ్మకు కళ్లు చెమర్చాయి. లోకంలో మగవాళ్లంతా ఒక్కటి కాదని పాపకు ఏ కౌన్సెలింగూ చెప్పలేని ముక్క అక్కడ తెలిసినట్టనిపించింది.

ఆ రోజు పాప అన్నం తింది. ఉలిక్కిపడకుండా పడుకుంది. మరి బాలమ్మ ఆగుతుందా? మరుసటి బేస్తవారమూ పోయింది, ఆ తరవాతా పోయింది. పాప బడిలో పాట నేర్చుకొచ్చింది. ఒకరోజు పెసరపప్పు ఏరుతున్న నాయనమ్మ పక్కన కూర్చుని, తల ఎత్తకుండానే అంది:

"నాయనమ్మా, జడ్జి మేడంకు నేను చెప్తా. నువ్వు బయట ఉంటవు గదా?"

"బయట్నే ఉంట బిడ్డా. యాడికి పోత?"

బాలమ్మ ఆ సంతోషాన్ని ఎవరితోనూ పంచుకోలేదు. చెబితే కొడుకు కోప్పడతాడు. పని అయ్యాక చెప్పొచ్చులే అనుకుంది.

ఒక మధ్యాహ్నం తలుపు కొట్టిన చప్పుడుకు తెరిస్తే గుమ్మంలో బుచ్చమ్మ నిలబడి ఉంది. చేతిలో స్టీలు డబ్బా.

బాలమ్మ తలుపు రెక్క పట్టుకుని అడ్డంగా నిలబడింది. ఎదుట ఉన్నది వేణుమాధవ్ తల్లి. కానీ పాతికేళ్లు తనతో కలిసి అప్పడాలు ఒత్తిన మనిషి, సుకన్య పురుడు పోసుకున్నప్పుడు ఆస్పత్రిలో కూర్చున్న మనిషి కూడా ఆమే. అప్పటికి ఇప్పటికి సగమైపోయింది. ఎండన పడి వచ్చి ఒగరుస్తోంది. "లోపటికి రానియ్యవా చెల్లె?" అంటే, బాలమ్మ పక్కకు జరిగింది. జరిగాక నీళ్లిచ్చింది. నీళ్లిచ్చాక చెయ్యి అలవాటు కొద్దీ పొయ్యి మీద టీ పెట్టింది. ఈ ఒక్క టీ ఎంత చేటు తెచ్చిందో ముందు ముందు చూద్దురుగాని.

"సర్వపిండి చేసిన. నీకు ఇష్టమని," అంది బుచ్చమ్మ డబ్బా ముందుకు జరిపి.

"అక్కా, నీకు ఈ ఇల్లు ఎవలు చెప్పిన్రు?"

"ఎవలు చెప్తరే? పిల్లకు భయమైతే నువ్వు ఏడికి వోతవో నాకు తెల్వదా? బేస్తారం బేస్తారం ఆ మజ్జీదు ఎదురుంగ దుకాణం అరుగు మీద కూసున్న. వస్తదిలే నా చెల్లె అనుకున్న. వస్తివి. నువ్వెక్కిన బస్సే ఎక్కిన, మొఖం మీదికి కొంగు లాక్కొని. నీ ఎన్క నాలుగు సీట్ల అవతల." ఆమె టీ ఊదుకుని గుటక వేసింది. "మా వేణుగానికి సుత నువ్వూ నేనూ కలిసే ఊదిపిస్తిమి, యాదికున్నదా? నీ సంకనే ఉంటుండె వాడు."

యాదికి ఉంది. అదే బాలమ్మను కోసేసింది.

"వాడు తప్పు జేసిండో లేదో దేవునికెరుక," అంది బుచ్చమ్మ. "నాకు వాడొక్కడే. పిల్ల యాదికి లేదని ఒక్క మాటంటే అయిపాయె. లేకుంటే పిల్లకే తక్లీఫ్. కోర్టు, వకీళ్లు, ఏమేమో అడుగుతరు. ఏది మంచిదో జెర సోంచాయించు. మొగోళ్లు కోపం మీదున్నరు, నేను ఆపుతున్న. ఆ స్కూలు ఆటో గా పాల బూతు మూల మీదికెల్లేగదా వచ్చేది?"

గొంతు మారలేదు. సర్వపిండి చేశానన్న గొంతుతోనే అంది. బాలమ్మ లేచి తలుపు తీసి పట్టుకుంది. "లే," అంది.  బుచ్చమ్మ పోయాక లోపలి గదిలోకి పరుగెత్తింది. ఆ రోజు జ్వరమని పాప బడికి పోలేదు. మంచం కింద గోడకు అంటుకుని ఉంది. ఎంత పిలిచినా రాలేదు. ఆ సాయంత్రం నుంచి పాప నోట్లోంచి మాట రావడం మానేసింది.

రాత్రి జరిగిందంతా విన్నాక లక్ష్మణ్ తల్లిని ఒక్క మాట అనలేదు. అంటే బాగుండేదని బాలమ్మకు అనిపించింది. కోడలు మాత్రం అంది. "మేం చావకుండ బతుకుతున్నదే దానికోసం అత్తమ్మా. నువ్వే పట్టిచ్చినవ్." అని, అన్నందుకు మళ్లీ తనే ఏడ్చింది.

బెయిల్ రద్దు చేయమని ప్రభుత్వ వకీలు దరఖాస్తు వేశాడు. ఇల్లు ఎలా తెలిసిందని అడిగితే తెలియదని చెప్పమని లక్ష్మణ్ తల్లిని బతిమాలాడు. పాపనే అక్కడికి తీసుకెళ్లామంటే మనదే తప్పవుతుందన్నాడు. బాలమ్మ రెండు రోజులు ఆలోచించింది. ఆమె అబద్ధాలు ఆడని మనిషేం కాదు, కూరగాయలవాడి దగ్గర రోజూ ఆడుతుంది. కానీ పాపకు అందరూ ఉన్నదున్నట్టు చెప్పమని నూరిపోస్తున్నారు. ఆ పాప నాయనమ్మ బోనెక్కి అబద్ధం ఆడితే ఏమవుతుంది?

కోర్టులో ఆమె ఉన్నదున్నట్టే చెప్పింది. వేణుమాధవ్ తరఫు వకీలు మర్యాదస్తుడు. అమ్మా అనే పిలిచాడు.

"అమ్మా, నా క్లయింట్ మీ ఇంటికి వచ్చారా?"

"రాలే."

"ఫోన్ చేశారా?"

"లేదు."

"మీరే పాపను తీసుకుని మూడు నాలుగుసార్లు వాళ్ల ఇంటికి దగ్గర్లోకి వెళ్లారు. అవునా?"

"మజ్జీదుకు పోయిన. పిల్లకు భయమైతే."

"బుచ్చమ్మగారు వచ్చినప్పుడు మీరు తలుపు తీసి లోపలికి పిలిచారు. కూర్చోబెట్టారు. టీ ఇచ్చారా?"

బాలమ్మ జడ్జి వైపు చూసింది. "ఇచ్చిన."

"బెదిరించడానికి వచ్చిన మనిషికి టీ పెట్టి ఇస్తారా అమ్మా?"

బెదిరింపు టీ తాగాక వచ్చిందని ఆమె చెప్పింది. బుచ్చమ్మ అన్న ఆటో సంగతి, పాల బూతు సంగతి చెప్పింది. కాగితం మీద పెడితే ఆ మాటల్లో బెదిరింపు ఎక్కడా కనపడలేదు. ఆటో ఆ మూల మీదుగా వచ్చేమాట నిజమే కదా! తల్లిని అతనే పంపాడనడానికి ఆధారం లేదని, పాత స్నేహం కొద్దీ వచ్చి ఉండవచ్చని కోర్టు దరఖాస్తు కొట్టేసింది. ఇకనుంచి అతని ఇంటివాళ్లు కూడా పాప వైపు రాకూడదని ఒక షరతు చేర్చింది. పాప కుటుంబాన్ని మళ్లీ వేరేచోటికి మార్చమని చెప్పింది. బాలమ్మను తప్పుపట్టలేదు. ఇళ్లూ నంబర్లూ అన్నీ మార్చారు కానీ పాతికేళ్ల అలవాటును మార్చడం ఏ కమిటీ చేతిలోనూ లేదని ఆ కోర్టులో ఎవరికీ తట్టలేదు. బాలమ్మకు తట్టింది.

బయట మెట్ల మీద డోరా చెయ్యి పట్టుకుని ఆపింది.

"ఈసారి ఇల్లు నాకు చెప్పకుండ్రి బిడ్డా."

"అట్లెట్లమ్మా? పాప మీరు లేకుండా ఉండదు."

"నేనుంటే దొరుకుతది. నేను ఏడికి వోత, ఏం కొంట, ఏ దేవునికి మొక్కుత, అన్నీ బుచ్చక్కకు ఎరుకే. నన్ను పట్టుకుంటే పిల్లను పట్టుకున్నట్టే. నేను మా తమ్మునింట్ల ఉంట. పిల్ల ఏడున్నదో నాకు తెల్వనే వద్దు. తెలిస్తే నా కాళ్లు ఆగయి."

లక్ష్మణ్ వద్దన్నాడు, సుకన్య కాళ్లు పట్టుకుంది. ఈసారి ఆమెనెవరూ మార్చలేకపోయారు. పాపకు మాత్రం ఏం చెప్పాలో తోచలేదు. బట్టలు సర్దుతుంటే పాప గుమ్మంలో నిలబడి చూసింది. పాప పసుపు గౌను ఒకటి మడిచి బాలమ్మ సంచిలో పెట్టుకుంది. నేరేడ్‌మెట్‌లో బిక్షం ఇంట్లో ఒక మూల చేరింది.

పిల్లను తీసుకుపోలేనివాళ్లు పిల్ల బట్ట తీసుకుపోయి ఊదిస్తారు. బేస్తవారం సాయంత్రం గౌను చేతుల్లో పరుచుకుని మసీదు గేటు దగ్గర నిలబడింది బాలమ్మ. ఆ ముసలాయన గౌను చూశాడు, పాప ఏదని అడగలేదు. ఊదాడు. ఎదురు దుకాణం అరుగు మీద బుచ్చమ్మ కూర్చునే ఉంది. పాప వైపు పోవద్దంది కోర్టు, మసీదు ముందు కూర్చోవద్దనలేదు కదా.

బస్సులో ఈసారి కొంగు చాటు లేదు. వచ్చి పక్క సీట్లోనే కూర్చుంది. ఇద్దరి చేతుల్లోనూ సున్నా రూపాయల టికెట్లు.

"పిల్ల ఏదే?"

"తెల్వది."

"నాకు సుత చెప్పవా?"

"నాకే తెల్వదక్కా. నా బిడ్డ మీద ఒట్టు. నువ్వు నా ఎన్క రోజూ తిరుగు, ఏడ దిగితే ఆడ దిగు. నాకు తెలిస్తెనే గదా నీకు తెలిసేది."

బుచ్చమ్మ ఆమె ముఖంలోకి చూసింది. పాతికేళ్ల పరిచయం కదా, నిజమేనని తెలిసిపోయింది. తరవాతి స్టాపులో దిగిపోయింది. ఆమె అలా దిగడం చూసి బాలమ్మకు గెలిచినట్టు అనిపించాలి. గౌను ముఖానికి అద్దుకుని బస్సంతా వినేలా ఏడ్చింది.

పాప సాక్ష్యం రోజు బాలమ్మ కోర్టు ముందు గేటు దగ్గర అందరికీ కనపడేలా నిలబడింది. బుచ్చమ్మ, వాళ్ల మగవాళ్లు ఇద్దరు, ఆమె మీదే కన్నేసి అక్కడే ఉన్నారు. పాపను వెనక గేటులోంచి పోలీసు బండిలో తెచ్చారు. నాయనమ్మ బయట ఉంటానని మాటిచ్చింది, బయటే ఉంది. మనవరాలికి మాత్రం కనపడలేదు.

ఎండ దిగిపోయాక డోరా వచ్చింది. ఆమె ముఖం చూసి బాలమ్మకు అడగడానికి ధైర్యం చాలలేదు.

"చెప్పిందమ్మా. ముందు చాలాసేపు మాట్లాడలేదు. మా నాయనమ్మ బయట ఉందా అని అడిగింది, ఉందన్న. అప్పుడు షురూ చేసింది. అంతా చెప్పింది."

బాలమ్మ గేటు ఊచ పట్టుకుంది. "మల్ల?"

డోరా సంచీ భుజం మార్చుకుంది. "అంతా అయినంక జడ్జి మేడం, నువ్వేమన్నా అడుగుతావా అమ్మా అన్నరు. మా నాయనమ్మకు మా ఇల్లు ఎవరన్నా చెప్తరా, ఆమెకు దారి తెల్వక వస్తలేదు అంది."

"మేడం ఏమన్నది?"

"తీర్పు దాకా ఆగాలని అన్నరు. ఎన్నాళ్లని అడిగింది. మేడం చెప్పలేకపోయిన్రు."

బాలమ్మ తల ఊపింది. వేణుమాధవ్ ముందు గేటులోంచే బయటికొచ్చి, తల్లిని ఎక్కించుకుని బండి మీద వెళ్లిపోయాడు. బెయిల్ మీద ఉన్నాడు, తీర్పు వచ్చేదాకా ఇంట్లోనే ఉంటాడు. రేపు షాపు కూడా తెరుస్తాడు.

"ఇల్లు చెప్పనా అమ్మా?" అంది డోరా మెల్లగా. "సాక్ష్యం అయిపోయింది కదా. ఎవరికీ చెప్పకుండా ఒక్కసారి పోయి రండి."

బాలమ్మ గేటు ఊచ వదిలింది.  "వద్దు బిడ్డా. నా కాళ్ల మీద నాకే నమ్మకం లేదు," అని బస్టాపు వైపు నడిచింది.

కిటికీ పక్క సీటు దొరికింది. నేరేడ్‌మెట్ దాకా కునుకు తీయడం ఆమె అలవాటు. ఆ రోజు తీయలేదు. పాప ఏ స్టాపు దగ్గర ఉంటోందో తెలియదు కాబట్టి, బస్సు ఆగిన ప్రతి చోటా తల బయటికి పెట్టి చూసింది.